‘మైనరు’ మాట – దాని చుట్టములు

మనుష్యులకు వలెనే మాటలకును వంశములు కలవు. ఒకే యింటిపేరు గలవారందరు ఒకే వృత్తిలో నుండరు. ఒకడు ఉద్యోగి యగును, ఒకడు వర్తకుడగును, వేరొకడు దేశాంతరము పోయి వేషభాషలు మార్చుకొని తిరిగివచ్చును. ఐనను తేరిపార చూచినచో తాతపోలిక ఎక్కడనో ఒకచోట బయటపడక మానదు. మాటల సంగతియు నంతియే. ఒక ధాతువునుండి పుట్టిన మాటలు పదిచోట్లకు పోయి పది యర్థములు సంపాదించుకొనును. ఆ బంధుత్వము నెరిగినవానికి పదిమాటలు నేర్చుట ఒక మాట నేర్చినంత సులభము. ఎరుగనివానికి పదిమాటలును పది బరువులు.

మన విద్యార్థుల ఇంగ్లీషు నోటుపుస్తకములను చూచినచో ఈ బరువు ఎంతటిదో తెలియును. ఎడమవైపున ఇంగ్లీషు మాట, కుడివైపున తెలుగు మాట, నడుమ నొక గీత. ‘మైనస్’ అనగా తీసివేత. ‘మినిట్’ అనగా నిమిషము. ‘మినిస్టర్’ అనగా మంత్రి. ‘మెనూ’ అనగా భోజనపదార్థముల పట్టిక. ‘మైనర్’ అనగా చిన్న. ‘మైనారిటీ’ అనగా అల్పసంఖ్యాక వర్గము. ఆరు పంక్తులు, ఆరు కంఠస్థములు. ఈ ఆరు మాటలును ఒకే తల్లి బిడ్డలని ఆ గీత చెప్పదు. ఈ సంచికలో మేము ఈ కుటుంబమునే ఎన్నుకొనుటకు కారణమొకటి కలదు. ఇందలి కడపటి మాట మన పాఠశాల బోర్డుమీదను, మన పిల్లల దరఖాస్తులలోను, మన జీవితములమీదను అంటించబడియున్నది. దాని యర్థమును సరిగా నెరుగక పోవుటవలన మనకు కలుగుచున్న నష్టము ఇంగ్లీషు మార్కులతో పోవునది కాదని మా యభిప్రాయము.

ముందు వంశమూలమును చూతము. లాటిను భాషలో ‘మినోర్’ అను మాట కలదు. ఇంగ్లీషువారు దానిని ‘మైనర్’ అని పలుకుదురు. దాని యర్థము ‘చిన్నది’ అని మాత్రమే కాదు. ‘ఒకదానికంటె చిన్నది’ అని. మనము తరగతిలో చదువుకొను తారతమ్య దశలలో ఇది రెండవది. ‘తక్కువ’ అను నర్థమున ‘మినుస్’ అను రూపమును, ‘అన్నిటికంటె చిన్నది’ అను నర్థమున ‘మినిముస్’ అను రూపమును ఆ కుటుంబమునకే చెందినవి. మొదటిది గణితమున ‘మైనస్’ అయినది. రెండవది ‘మినిమమ్’ అయినది. దీనికి ప్రతిపక్షముగా ‘మయోర్’ అనగా ఒకదానికంటె పెద్దది, అదియే ‘మేజర్’. అన్నిటికంటె పెద్దది ‘మాక్సిముస్’, అదియే ‘మాక్సిమమ్’. మార్కుల పట్టికలో ‘మాక్సిమమ్ మార్కులు’, ‘మినిమమ్ మార్కులు’ అను రెండు మాటలను ప్రక్కప్రక్కన చూచునపుడు విద్యార్థులు ఈ రెండు వంశములను జ్ఞాపకము తెచ్చుకొందురు గాక.

ఇక నీ వంశమువారిలో మన వీథిలో తిరుగువారిని ఒక్కొక్కరిని పలుకరింతము.

మొదటివాడు ‘మినిట్’. పూర్వము ఖగోళశాస్త్రజ్ఞులు వృత్తమునందలి ఒక్కొక్క డిగ్రీని అరువది భాగములు చేసిరి. ఆ భాగమునకు లాటినులో ‘మొదటి చిన్న భాగము’ అని పేరు. ‘చిన్న’ అను నర్థమిచ్చు ‘మినూటా’ అను మాటయే మినిట్ అయినది. దానిని మరల అరువది భాగములు చేయగా వచ్చినది ‘రెండవ చిన్న భాగము’. ఇందులో ‘చిన్న’ పోయి ‘రెండవ’ మాత్రము నిలిచినది, అదియే ‘సెకండ్’. పరుగుపందెములో రెండవవాడిని సెకండ్ అనుటకును, గడియారములోని చిన్న ముల్లు కొట్టుకొను కాలమును సెకండ్ అనుటకును గల సంబంధ మిదియే. ‘మినిట్’ అను నక్షరములనే ‘మైన్యూట్’ అని పలికినచో అతి సూక్ష్మమైనదని యర్థము. సభలు జరిగినపుడు వ్రాయు ‘మినిట్సు’ కాలమును కొలుచునవి కావు; మొదట చిన్న చిన్న ముక్కలుగా వ్రాసికొను చిత్తుప్రతికి వచ్చిన పేరది. మన ‘నిమిషము’ మాత్రము ఈ వంశమున పుట్టలేదు. అది సంస్కృతపదము, కనురెప్పపాటు అని దాని యర్థము. కాలమును లాటినువారు ముక్కలు చేసి కొలిచినారు, మనవారు రెప్పపాటుతో కొలిచినారు. రెండు మాటలును ఇప్పుడు ఒకే గడియారములో కాపురము చేయుచున్నవి.

రెండవవాడు ‘మెనూ’. ఇది ఫ్రెంచిదేశము చుట్టివచ్చినది. ఆ భాషలో ‘మెనూ’ అనగా చిన్నది, వివరముగా విడదీసినది అని యర్థము. భోజనమును పదార్థము పదార్థముగా విడదీసి చెప్పు పట్టిక మెనూ అయినది. నేడు చేతిలోని ఫోనులో గూడ మెనూ వచ్చినది. అక్కడ భోజనము లేదు గాని విడివిడిగా వివరించుట అను పాత యర్థము చెడలేదు. ఫ్రెంచివారి మాట వచ్చినది గనుక యానాము సంగతి యొకటి చెప్పవలెను. 1954 జూన్ 13వ తేదీతో ముగిసిన ఫ్రెంచి పాలనలో అక్కడి పురపాలకాధ్యక్షునకు ‘మేర్’ అని పేరు. ఇంగ్లీషువారి ‘మేయర్’ అదియే. రెండును పెద్దది అను నర్థమిచ్చు ‘మయోర్’ నుండి వచ్చినవి. అనగా ఊరిపెద్ద అన్నమాట. 1688లో మద్రాసునందు నగరపాలక సంస్థ ఏర్పడినప్పుడే మేయరు పదవి మన దక్షిణదేశమునకు వచ్చినది.

ఇపుడు ఈ కథలో మిక్కిలి విచిత్రమైన దంపతులను చూడుడు: ‘మినిస్టర్’, ‘మాస్టర్’. లాటినులో ‘మినిస్టెర్’ అనగా తక్కువవాడు, అనగా సేవకుడు. ‘మగిస్టెర్’ అనగా ఎక్కువవాడు, అనగా యజమాని, గురువు. మొదటివాని పేరు ‘తక్కువ’ అను మాటనుండియు, రెండవవాని పేరు ‘ఎక్కువ’ అను మాటనుండియు ఒకే మూసలో పోసినట్లు తయారైనవి. మగిస్టెరు ఇంగ్లీషులో మాస్టరు అయి, మన బడికి వచ్చి ‘మాష్టారు’ అయినాడు. కచేరీలో ‘మేజిస్ట్రేటు’ అయినాడు. పోర్చుగీసువారి ఓడలలో వచ్చిన మరియొక రూపము ఇండ్లు కట్టు ‘మేస్త్రి’ అయినది. బడిలోని మాష్టారును, పరంజిమీద నిలిచిన మేస్త్రియు శబ్దవంశమున అన్నదమ్ములు. పిల్లవానిని నిలబెట్టువాడొకడు, గోడను నిలబెట్టువాడొకడు. ఎవరి పని తప్పినను కూలుట తప్పదు.

మాటల పుట్టుకను బట్టి చూచినచో మినిస్టరు సేవకుడు, మాష్టారు యజమాని! లోకములో గౌరవమర్యాదలు తలక్రిందులైన విధము మనకు తెలిసినదే. ఐనను భాష పాత సంగతిని పూర్తిగా మరచిపోలేదు. క్రైస్తవాలయములో దైవసేవ చేయువానిని నేటికిని మినిస్టరందురు. ప్రభుత్వ కార్యాలయములలో గుమాస్తా ఉద్యోగములకు ‘మినిస్టీరియల్ సర్వీసు’ అని పేరు. దానిని చూచి ఇది మంత్రుల కొలువని భ్రమపడువారు కలరు. కాదు, అక్కడ మాట తన పుట్టినింటి యర్థముననే యున్నది. ‘అడ్మినిస్ట్రేషన్’ అనగా మనము పరిపాలన యని చెప్పుకొనుచున్నాము. దాని లోపలి యర్థము సేవ చేయుట, కావలసినవి సమకూర్చుట. వైద్యుడు మందు ఇచ్చుటకును ఇంగ్లీషులో ఈ క్రియనే వాడుదురు. అధికారమును సేవనుండి విడదీయరాదని చెప్పుటకు ఇంతకంటె మంచి సాక్ష్యమెక్కడ దొరకును?

మినిస్టరునకు మనము వాడు ‘మంత్రి’ అను మాట వేరు వంశమునది. మంత్రము, అనగా ఆలోచన, గలవాడు మంత్రి. ‘మనస్సు’ అను మాటకును దానికిని మూలమొక్కటే. ఇంగ్లీషులోని ‘మైండ్’ గూడ ఆ మూలమునకు చెందినదే. ఈ మంత్రి మలయా భాష మీదుగా పోర్చుగీసువారి నోటబడి ‘మాండరిన్’ అయి, చీనా దేశపు అధికారులకును పిదప వారి భాషకును పేరైనది. కాబట్టి ‘మినిస్టర్ అనగా మంత్రి’ అని నోటుపుస్తకములో గీత గీసినప్పుడు మనము రెండు దేశముల రెండు భావములను ఒక త్రాటితో కట్టుచున్నాము: ఒకచోట సేవ, ఇంకొకచోట ఆలోచన. రెండు నుండవలసినవే.

ఇక ‘మైనరు’. చట్టమున మైనరనగా యుక్తవయస్సు రానివాడు. 1875 నాటి ఇండియన్ మెజారిటీ చట్టము ప్రకారము పదునెనిమిదేండ్లు నిండినవాడు మేజరు. ఓటుహక్కునకు మాత్రము చాలకాలము ఇరువదియొక్క యేండ్లు నిండవలసియుండెను. రాజ్యాంగమునకు చేసిన 61వ సవరణవలన 1989 నుండి అదియు పదునెనిమిదికి దిగినది. ఆంధ్రదేశపు పల్లెలలో ‘మైనరు’ అన్నచో చట్టము జ్ఞప్తికి రాదు. పట్టుపంచె, చేతినిండ డబ్బు, పనిలేని సాయంకాలము గల విలాసపురుషుడు కనుల యెదుట నిలుచును. తమిళులును ‘మైనర్’ అను మాటను ఈ యర్థముననే వాడుదురు. మెడలో వ్రేలాడు బంగారపు గొలుసునకు అక్కడను ఇక్కడను మైనరు పేరే. లాటినులో ‘తక్కువ’ యని పుట్టిన మాట మన రెండు భాషలలోను డబ్బునకు లోటు లేనివానికి బిరుదైనది! మాట ఏ నేలలో నాటిన ఆ నేల రసమును త్రాగును.

‘మెజారిటీ’, ‘మైనారిటీ’ అను మాటలకు గూడ అర్థము లొకటి కాదు. ఒకటి వయస్సునకు సంబంధించినది: మైనరుగా నున్న కాలము మైనారిటీ. రెండవది సంఖ్యకు సంబంధించినది: ఎక్కువమంది, తక్కువమంది. ఎన్నికల దినములలో ‘ఇన్నివేల మెజారిటీతో గెలిచెను’ అన్నప్పుడు మూడవ యర్థము, అనగా ఇద్దరికి వచ్చిన ఓట్ల తేడా. మన బడిలోని పిల్లవాడు వయస్సుచేత ఒక మైనారిటీలోను, భాషచేత ఇంకొక మైనారిటీలోను ఉన్నవాడు. మొదటిది పుట్టినదినము లెక్కపెట్టుకొన్నచో దానంతట అదే తీరిపోవును. రెండవది తీరిపోవునది కాదు, తీరిపోవలసినదియు కాదు. ఈ తారతమ్యమును పిల్లలు గ్రహింపవలెను. పెరిగి పెద్దవాడైనపుడు బాల్యమును విడిచినట్లు భాషను విడువవలెనని కొందరు భావించుచున్నారు. రెండు అర్థములను కలగలుపుటవలన కలిగిన భ్రాంతి యిది.

ఇచ్చట నొక హెచ్చరిక. పోలిక గలవారందరు బంధువులు కారు. ‘మినియేచర్’ అనగా చిన్న చిత్రము. ఇది కూడ ఈ కుటుంబములోనిదే యని ఎవరికైనను తోచును. కాని అది ‘మినియుమ్’ అను ఎర్రసీసపు రంగునుండి పుట్టినది. పూర్వము చేతివ్రాత గ్రంథములను ఆ రంగుతో అలంకరించెడివారు. ఆ బొమ్మలు చిన్నవి గనుకను, మాట ‘మినిమమ్’ వలె వినబడును గనుకను, కాలక్రమమున ‘చిన్నది’ యను నర్థము దానికి అంటుకొన్నది. దాని నుండియే ‘మినీ’ అను తునక వచ్చినది. మినీబస్సు మొదలైనవన్నియు ఆ శాఖవే. అనగా మినీ ఈ యింట పుట్టినది కాదు, దత్తత వచ్చినది. గని యను నర్థమిచ్చు ‘మైన్’ అయితే దత్తత గూడ కాదు, కేవలము శబ్దసామ్యమే. కాబట్టి మాటల చుట్టరికమును ఊహతో నిశ్చయింపరాదు; నిఘంటువును చూడవలెను.

ఇప్పుడు అసలు సంగతికి వత్తము. ‘మైనారిటీ’ అను మాటను మన దేశభాషలు ఎట్లు చెప్పుకొన్నవో చూచినచో ఆశ్చర్యము కలుగును. తెలుగున ‘అల్పసంఖ్యాకులు’ అందుము. కన్నడమునను మరాఠీలోను ఇట్లే ‘అల్ప’ తో మొదలగు మాటయే. తమిళులు ‘సిఱుపాన్మై’ యందురు. ‘సిఱు’ అనగా చిన్న. ఒడియావారు మాటను త్రిప్పి ‘సంఖ్యాలఘు’ అందురు. బరంపురము, పర్లాకిమిడి ప్రాంతముల మన పిల్లలు వీథిలో వినునది ఈ మాటయే. మా కీ ఒడియా మాట మిక్కిలి నచ్చినది. అందులో ముందుగా సంఖ్య వచ్చినది, పిదప లఘుత్వము వచ్చినది. లఘువైనది సంఖ్యయే గాని మనిషి కాదని స్పష్టముగా నున్నది. తెలుగున ‘అల్ప’ ముందు నిలిచినది. మన భాషలో ‘అల్పుడు’ అనగా నీచుడు. ‘అల్పబుద్ధి’ అనగా కుత్సితబుద్ధి. చెవికి మొదట తగులునది ఈ దోషమే. సంఖ్యను గూర్చి చెప్పిన మాట స్వభావమును గూర్చి చెప్పినట్లు మనస్సున నాటుకొనును.

అచ్చతెలుగు మాటలలోను ఈ చిక్కు కలదు. ‘చిన్న’ యను మాటను చూడుడు. చిన్నాన్న, చిన్నమ్మ అనునపుడు అది ప్రేమగల చుట్టరికము. ‘చిన్నతనము’ అనగా బాల్యము. ‘నలుగురిలో చిన్నతనమైనది’ అనగా అవమానము. ‘చిన్నచూపు’ అనగా నిరాదరణ. ‘చిన్నబోయెను’ అనగా ముఖము వాడినది. ‘పెద్ద’ యను మాట ఇందుకు ఎదురు: పెద్దరికము, పెద్దమనిషి, పెద్దలు. లాటినువారి మినోర్-మయోర్ కథయే తెలుగున చిన్న-పెద్ద కథ. పరిమాణము చెప్పు మాటకు గౌరవమును, అగౌరవమును తగిలించుట మనుష్యజాతి కంతటికిని గల అలవాటు కాబోలు. అలవాటు ఉన్నది గాని అది న్యాయము కాదు. ‘పిట్ట కొంచెము, కూత ఘనము’ అని మన పెద్దలు చెప్పిన సామెత ఈ అలవాటునకు విరుగుడుగా పుట్టినదే.

మేము మొదట చెప్పిన వ్యాకరణ విషయమును ఇచ్చట మరల జ్ఞప్తికి తెచ్చుకొనవలెను. మినోర్ అనగా చిన్నది కాదు, ‘ఒకదానికంటె’ చిన్నది. ఎవరైనను మనలను మైనారిటీ యన్నప్పుడు వెంటనే వేయవలసిన ప్రశ్న: ‘దేనికంటె? ఏ గీతలోపల లెక్కించి?’ 2011 జనాభా లెక్కలలో తెలుగు మాతృభాషగా గలవారు 8 కోట్లకు పైగా నున్నారు. దేశమున హిందీ, బెంగాలీ, మరాఠీల తరువాత నాలుగవ స్థానము మనది. ఆ లెక్కలో మనము అల్పులమా? 1956లో రాష్ట్రముల పునర్విభజన జరిగినపుడు భాషనుబట్టి సరిహద్దులు గీయబడినవి. ఏ గీత గీసినను ఇరుప్రక్కల కొందరు మిగిలిపోకుండ గీయుట మానవసాధ్యము కాదు. హోసూరు తెలుగువారు ఈ ప్రక్క మిగిలినట్లే చిత్తూరు ప్రాంతపు తమిళులు ఆ ప్రక్క మిగిలినారు. బళ్లారిలో తెలుగువారున్నట్లే ఆదోని, మడకశిర వైపుల కన్నడిగులున్నారు. 2002లో టి.ఎం.ఎ. పై ఫౌండేషన్ కేసున సుప్రీంకోర్టు పదునొకండుగురు న్యాయమూర్తుల ధర్మాసనము, అల్పసంఖ్యాకులెవరో నిర్ణయించుటకు రాష్ట్రమునే ప్రమాణముగా గొనవలెనని చెప్పినది. అనగా మన దేశమున ఒక రాష్ట్రమున మెజారిటీ యైనవాడు పొలిమేర దాటినంతనే మైనారిటీ యగును. రైలెక్కి నాలుగు స్టేషన్లు దాటినంతమాత్రమున మనిషి కుంచించుకొనిపోవునా? మారినది గీత, మనిషి కాదు.

ఈ దృష్టితో చూచినచో మన రాజ్యాంగములోని 30వ అధికరణము మన పిల్లలకు ఒక మంచి ఇంగ్లీషు పాఠము. మతము చేతగాని భాషచేతగాని మైనారిటీలైనవారందరికిని తమకు నచ్చిన విద్యాసంస్థలను స్థాపించుటకును, ‘అడ్మినిస్టర్’ చేయుటకును హక్కు కలదని అది చెప్పుచున్నది. ‘మైనారిటీ’, ‘అడ్మినిస్టర్’ – ఒకే వాక్యమున ఒకే వంశపు రెండు మాటలు! తక్కువమంది అనుట ఒకటి. సేవతో కూడిన నిర్వహణ అనుట రెండవది. ఈ రెండవదాని బరువును 1958లోనే సుప్రీంకోర్టు చూపినది. కేరళ విద్యాబిల్లును గూర్చిన అభిప్రాయమున, నిర్వహించు హక్కులో దుర్నిర్వహణ హక్కు ఇమిడియుండదని అది స్పష్టపరచినది. కాబట్టి మైనారిటీ బోర్డు తగిలించినంతమాత్రమున పని తీరదు. పాఠము సరిగా చెప్పబడుచున్నదా, పుస్తకములు కాలమునకు వచ్చుచున్నవా, తెలుగు చెప్పు ఉపాధ్యాయుని ఖాళీ ఎన్నాళ్లు ఖాళీగా నుండును అని అడుగుటకు తల్లిదండ్రులకు హక్కు కలదు. అడుగుట వారి ధర్మము. 1956లో 7వ సవరణచేత వచ్చిన 350-ఎ అధికరణము, భాషాల్పసంఖ్యాకుల పిల్లలకు ప్రాథమిక దశలో మాతృభాషయందు బోధనకు తగిన సౌకర్యములు కల్పింప ప్రయత్నింపవలెనని ప్రతి రాష్ట్రమునకును, ప్రతి స్థానికసంస్థకును చెప్పుచున్నది. ఇవి భిక్షలు కావు. గణతంత్రము తనకు తాను వ్రాసికొన్న మాటలు.

కొందరు తల్లిదండ్రులు మాతో ననుమాట యొకటి కలదు: “అయ్యా, హక్కులున్నవి, బాగున్నది. కాని మా పిల్లవానికి రేపు ఉద్యోగము కావలెను. ఉన్న రాష్ట్రపు భాష రావలెను, ఇంగ్లీషు రావలెను. మూడవదిగా తెలుగు బరువెందుకు?” ఈ ప్రశ్న ప్రేమవలన పుట్టినది, దీనిని తేలికగా త్రోసివేయరాదు. రాష్ట్రభాష రావలెను, ఎవరి నడుమ బ్రదుకుచున్నామో వారి భాష రానివాడు సంతలో మూగవాడు. ఇంగ్లీషు రావలెను, అది నేడు కళాశాలకును, కార్యాలయమునకును తలుపు. ఇందులో మాకు వివాదము లేదు. కాని మూడవది బరువు అనుటయందే వివాదము.

ఇంతవరకు ఈ వ్యాసమున చేసినదేమి? ఒక ఇంగ్లీషు మాటల కుటుంబమును విప్పి చూచితిమి. దేనితో విప్పితిమి? తెలుగుతో. ‘చిన్న’, ‘పెద్ద’, ‘చిన్నతనము’, ‘పెద్దరికము’ అను మాటలు మన కడుపున ఉన్నవి గనుకనే మినోర్-మయోర్ కథ ఒక్క క్షణమున పట్టువడినది. ‘నిమిషము’, ‘మంత్రి’ అనునవి మనకుండుటచేతనే మినిట్ యొక్కయు, మినిస్టర్ యొక్కయు తేడా తెలిసినది. ‘సిఱుపాన్మై’, ‘సంఖ్యాలఘు’ అను పొరుగుమాటలు చెవిని బడినవి గనుకనే మన మాటలోని లోపమును కనుగొంటిమి. ఒకే భాష నెరిగిన పిల్లవానికి అతని భాష గాలి వంటిది. అది ఉన్నదనియే తోచదు. రెండు మూడు భాషల నడుమ పెరుగు పిల్లవాడు ప్రతిమాటను పక్కమాటతో సరిచూచుకొనును. పొలిమేరలో పుట్టినవాని కిది లోపము కాదు. ఇతరులు డబ్బిచ్చి సంపాదించుకొనలేని ఆస్తి. 1816లో ఎఫ్.డబ్ల్యు. ఎల్లిస్ అను దొర తెలుగు, తమిళము, కన్నడములు సంస్కృతమునుండి పుట్టినవి కావనియు, ఒకే కుటుంబపు భాషలనియు నిరూపించినది మద్రాసునందే. మూడు భాషల ధాతువులను ప్రక్కప్రక్కన పెట్టి పోల్చిననే గాని ఆ సత్యము బయటపడలేదు. అట్టి పోలిక మన పిల్లలకు ఇంటికిని బడికిని నడుమ, నడచు దారిలోనే దొరకుచున్నది. తెలుగును తీసివేసినచో మూడింటిలో ఒకటి పోవుట మాత్రమే కాదు. తక్కిన రెంటిని తూచు త్రాసు పోవును.

కాబట్టి విద్యార్థులకు మేము చెప్పునది ఆచరణకు కష్టము కానిది. నోటుపుస్తకములో ఇక మీదట ఒక మాటకు ఒక మాట వ్రాయకుడు. ఒక్కొక్క కుటుంబమునకు ఒక్కొక్క పుట నీయుడు. నడుమ మూలమును వ్రాసి, చుట్టును దాని బిడ్డలను వ్రాయుడు. ప్రతిమాట ప్రక్కన తెలుగును, ఉన్న రాష్ట్రపు భాషలోని మాటను వ్రాయుడు. ఆ మాటను మీ యింటిలో, అంగడిలో, కచేరీలో ఎట్లు వాడుచున్నారో వినివచ్చి ఒక వాక్యము చేర్చుడు. నెలకు రెండు కుటుంబములు చాలును. బడి విడుచునాటికి నూటికి పైగా కుటుంబములు మీకు చుట్టములగును. సందేహము వచ్చినచో ఊహింపక నిఘంటువును అడుగుడు. 1852లో అచ్చుపడిన సి.పి. బ్రౌను తెలుగు-ఇంగ్లీషు నిఘంటువు నేటికిని మనకు అక్కరకు వచ్చుచున్నది. మన గ్రంథాలయములో లేనిచో తెప్పించుమని అడుగుడు.

తల్లిదండ్రులకు మా మనవి యొక్కటే. దరఖాస్తులో ‘మాతృభాష’ అను గడి వచ్చినపుడు, జనాభా లెక్కల యుద్యోగి గుమ్మములో నిలిచి అడిగినపుడు, తడుముకొనకుడు. ‘తెలుగు’ అని వ్రాయించుడు. చిన్నతనమని దాచినచో లెక్కలో తగ్గుదుము. లెక్కలో తగ్గినచో తరగతి తగ్గును. తరగతి తగ్గినచో ఉపాధ్యాయుడు పోవును. ఉపాధ్యాయుడు పోయిన పిదప బోర్డుమీది మాట యొక్కటే మిగులును. ఒక మాటకు చేసికొన్న తప్పుటర్థము ఒక పాఠశాలను మూయగలదని దీనివలన గ్రహింపుడు.

కడపట నొక సంగతి. ఆకాశమున ఉత్తరదిక్కున రెండు ఎలుగుబంట్ల రూపములను పాశ్చాత్యులు గుర్తించినారు. పెద్దదానికి ‘అర్సా మేజర్’ అని పేరు. మన సప్తర్షులు అందులోనివారే. చిన్నదానికి ‘అర్సా మైనర్’ అని పేరు. మనవారు లఘు సప్తర్షి మండలమందురు. అందలి చుక్కలు పెద్దదానిలోని చుక్కలవలె అంతగా మెరయవు. కాని ధ్రువనక్షత్రము ఉన్నది చిన్నదానిలో. అది ఆకాశములో అన్నిటికంటె కాంతిగలదియు కాదు. ఐనను దిక్కు తెలియవలసిన నావికుడు వెదకుట దానినే. కారణము దాని పరిమాణము కాదు, అది తన తావున నిలిచియుండుట. ఈ కుటుంబపు మాటలను కంఠస్థము చేయు పిల్లలు మైనరు అను మాటకు ఈ యర్థమును గూడ ప్రక్కన వ్రాసికొందురని ఆశించుచున్నాము.